పోలండ్ నుంచి నల్లమల దాకా ఒకే తాత

అమెరికాలోనో లండన్‌లోనో ఉంటున్న మనవాళ్ళు ఉమ్మి పట్టిన గొట్టాన్ని పోస్టులో పంపి డీఎన్‌ఏ టెస్ట్ చేయించుకోవడం ఇప్పుడు మామూలైపోయింది. రిపోర్ట్ రాగానే మగవాళ్ళు ముందు వెతికేది పితృవంశం పేజీనే. అక్కడ ఆర్1ఏ అని కనబడిందంటే వాట్సాప్ గ్రూపులో గొడవ మొదలు, ఎందుకంటే ఈ పేరుని ఆర్యుల వలసతో ముడిపెట్టి మాట్లాడతారు. "చూశారా, మేం ఆర్యులం" అని ఒకాయన, "అయితే బయట్నుంచి వచ్చినవాళ్ళన్నమాట" అని ఇంకొకాయన, "అదంతా తెల్లోళ్ళ కుట్ర" అని మూడో ఆయన. ముగ్గురూ ఒక చిన్న గుర్తు మీద అది మోయలేనంత బరువు పెడుతున్నారు. ఆర్1ఏ కథ మాత్రం నిజంగా బ్రహ్మాండంగా ఉంటుంది, కాకపోతే వీళ్ళు కొట్టుకుంటున్న విషయం గురించి అది చెప్పేది తక్కువ.

ముందు వై క్రోమోజోమ్ సంగతి. ఇది తండ్రి నుంచి కొడుక్కి మాత్రమే వస్తుంది. మిగతా క్రోమోజోమ్‌లన్నీ తరం మారినప్పుడల్లా ముక్కలు ఇచ్చిపుచ్చుకుని కలగాపులగం అవుతుంటే, వై మాత్రం రెండు కొసలు తప్ప ఎవరితోనూ కలవకుండా అలాగే కిందికి దిగుతుంది, ఇంటిపేరు లాగా. ఇంటిపేరు రాసేటప్పుడు ఎప్పుడో ఒక గుమాస్తా ఒక అక్షరం తప్పు రాస్తే ఆ తర్వాతి వాళ్ళంతా ఆ తప్పునే మోసుకు తిరుగుతారు కదా, వైలో జరిగేదీ అదే. అందులో దాదాపు 6 కోట్ల 20 లక్షల అక్షరాలున్నాయి (మొదటి నుంచి చివరిదాకా పూర్తిగా చదవగలిగింది 2023లోనే). నమ్మకంగా చదవగలిగే కోటి అక్షరాల భాగాన్ని తీసుకుంటే సగటున నాలుగు తరాలకో కొత్త తప్పు పడుతుంది. ఆ తప్పులు ఎవరెవరికి ఉమ్మడిగా ఉన్నాయో చూసి వంశవృక్షం గీస్తారు, ఎన్ని తప్పులున్నాయో లెక్కపెట్టి కొమ్మ ఎప్పుడు చీలిందో అంచనా వేస్తారు. ఆర్1ఏ అనేది ఆ చెట్టులో ఒక కొమ్మ పేరు, అంతే. దాన్నే హాప్లోగ్రూప్ అంటారు.

ఆర్ కుటుంబం మంచుయుగం నాటిది. సైబీరియాలో బైకాల్ సరస్సు దగ్గర మాల్టా అనే చోట సుమారు 24 వేల ఏళ్ళ కిందట చనిపోయిన మూడు నాలుగేళ్ళ పిల్లవాడి ఎముకలు దొరికాయి. వాడి డీఎన్‌ఏ చదివితే వై క్రోమోజోమ్ ఆర్‌దే, కానీ ఇవాళ మనకు కనబడే ఆర్1, ఆర్2 కొమ్మల్లో దేనికీ చెందదు. ఆర్1 నుంచి ఆర్1ఏ, ఆర్1బీ విడిపోయాయి. ఆర్1బీ ఇప్పుడు పశ్చిమ యూరప్ అంతా పరుచుకుని ఉంది. ఆర్1ఏ మాత్రం చాలా వేల ఏళ్ళు ఏమంత లెక్కలోకి రాని వంశం. రష్యా ఉత్తరాన కరేలియాలో, ఉక్రెయిన్‌లో వేటాడుకుంటూ చేపలు పట్టుకుంటూ బతికిన కొందరి ఎముకల్లో కనబడుతుంది. అక్కడితో అంతరించిపోయినా ఆశ్చర్యపడాల్సింది లేదు, అలా అంతరించిన పితృవంశాలు కోకొల్లలు.

అంతరించలేదు. సుమారు 5,800 ఏళ్ళ కిందట బతికిన ఒక మగవాడికి ఎం417 అనే మార్పు ఉంది, ఇవాళ ప్రపంచంలో ఆర్1ఏ ఉన్న కోట్లాది మగవాళ్ళలో దాదాపు అందరూ ఆయన సంతానమే. పోలండ్‌లో సగానికి పైగా మగవాళ్ళు, కిర్గిజ్‌స్తాన్‌లో అంతకంటే ఎక్కువమంది, ఉత్తర భారతంలో చాలామంది, అందరికీ ఆయనే తాత. ఆయన వారసులు కొద్ది శతాబ్దాల్లోనే రెండు పెద్ద పాయలయ్యారు. జెడ్282 యూరప్ పాయ, జెడ్93 ఆసియా పాయ. అంటే వార్సాలో ఉన్న ఆర్1ఏ ఆయనా వారణాసిలో ఉన్న ఆర్1ఏ ఆయనా ఒకరి నుంచి ఒకరు పుట్టలేదు, ఇద్దరిదీ జ్ఞాతిత్వం, అదీ ఐదు వేల ఏళ్ళ కిందటిది.

యూరప్ పాయ ఎలా పాకిందో ఎముకలు చాలా స్పష్టంగా చెబుతాయి. క్రీ.పూ. 2900 ప్రాంతంలో ఉత్తర, మధ్య యూరప్‌లో కొత్త జనం కనబడతారు. కుండల మీద తాడుతో ఒత్తిన అచ్చులు ఉంటాయి కాబట్టి వాళ్ళ సంస్కృతికి తాడు అచ్చు కుండల పేరే పెట్టారు. జర్మనీలోని ఆయిలావ్ అనే ఊళ్ళో వాళ్ళవి 4,600 ఏళ్ళ నాటి నాలుగు సమాధులు బయటపడ్డాయి. వాటిలో పదమూడు మంది, ఎక్కువమంది ఆడవాళ్ళు, పిల్లలు. ఒకామె వెన్నెముకలో రాతి బాణం మొన అలాగే ఉండిపోయింది. ఊరిమీద ఎవరో పడి చంపి ఉంటారు, తర్వాత బతికినవాళ్ళు వచ్చి ఎవరు ఎవరికి ఏమవుతారో చూసి మరీ పక్కపక్కన పడుకోబెట్టి పూడ్చారు. ఒక గుంతలో తల్లి, తండ్రి, ఇద్దరు మగపిల్లలు. తండ్రిదీ పిల్లలదీ ఆర్1ఏ. 2008లో ఈ ఫలితం వచ్చినప్పుడు ఒక కుటుంబాన్ని అంత పాత ఎముకల్లో డీఎన్‌ఏతో గుర్తుపట్టడమే పెద్ద వార్త. ఇక్కడో తమాషా ఉంది: ఈ జనాలకు నల్లసముద్రానికి ఉత్తరాన ఉన్న స్టెప్పీ గడ్డిభూముల వారసత్వం ఇచ్చారని చెప్పే యామ్నాయా పశుపాలకుల మగవాళ్ళలో దొరికేది ఎక్కువగా ఆర్1బీ, ఆర్1ఏ కాదు. కాబట్టి యామ్నాయా మగవాళ్ళే నేరుగా ఆర్1ఏని మోసుకొచ్చారని చెప్పడం కుదరదు.

ఆసియా పాయ దారి వేరు. ఇది తాడు అచ్చు కుండల వాళ్ళ తూర్పు కొసన, మాస్కో చుట్టుపక్కల ఫత్యానొవో సంస్కృతి మగవాళ్ళలో కనబడుతుంది. తర్వాత ఉరల్ పర్వతాల దక్షిణాన క్రీ.పూ. 2000 ప్రాంతపు సింతాష్తా కోటల్లో, గుర్రపు రథాలతో సహా పూడ్చిన సమాధులున్న చోట. అక్కణ్ణుంచి కజకిస్తాన్ గడ్డిభూములు, మధ్య ఆసియా, చివరికి మన వైపు.

మన వైపు అనగానే గొడవ, ఇది బయట్నుంచి వచ్చిందా ఇక్కడే పుట్టిందా అని. దీనికి తెలుగు నేలతో నేరుగా లంకె ఉంది. 2003లో వచ్చిన ఒక పరిశోధనలో నల్లమల చెంచుల్లో దాదాపు నాలుగో వంతు మగవాళ్ళకి ఆర్1ఏ ఉందని తేలింది. వేదాలతో, రథాలతో ఏ సంబంధమూ లేని అడవి జనంలో ఉందంటే ఇది ఇక్కడే పుట్టి ఉండాలి అని చాలామంది వాదించారు. ఆ రోజుల్లో అది తీసిపారేయాల్సిన వాదనేమీ కాదు. భారతదేశంలో ఆర్1ఏలో వైవిధ్యం ఎక్కువ, ఎక్కడ వైవిధ్యం ఎక్కువో అక్కడే పుట్టుక అన్నది అప్పటి సూత్రం. పైగా 2009, 2010 నాటి లెక్కల్లో మన దగ్గర దీని వయసు పదివేల ఏళ్ళు దాటింది.

ఇబ్బంది గడియారంలో ఉంది. అప్పుడు వాళ్ళు చదివింది మొత్తం వైని కాదు, అందులో మళ్ళీ మళ్ళీ వచ్చే కొన్ని చిన్న ముక్కల్ని. ఆ ముక్కలు ఎంత వేగంగా మారతాయన్న దానికి రెండు రేట్లు వాడకంలో ఉండేవి, ఒకటి తండ్రీకొడుకుల్ని నేరుగా పోల్చి తీసింది, రెండోది దానికంటే మూడింతలు నెమ్మది. నెమ్మది గడియారం పెట్టుకుంటే వయసు మూడింతలవుతుంది, ఇందులో మాయేమీ లేదు. మొత్తం వైని చదవడం చవకయ్యాక ఈ తగువు చాలావరకు తీరిపోయింది. 2016లో 26 జనసమూహాల నుంచి 1,244 మంది మగవాళ్ళ వై క్రోమోజోమ్‌లను పోల్చారు, అందులో బ్రిటన్‌లో ఉంటున్న తెలుగువాళ్ళూ ఒక సమూహం. దక్షిణాసియాలో జెడ్93 కొమ్మలు 4,500 నుంచి 4,000 ఏళ్ళ కిందట ఒక్కసారిగా గుబురుగా విస్తరించినట్టు తేలింది. పదివేల ఏళ్ళ పాతదైతే చెట్టు అలా ఉండదు.

2019లో రెండు పెద్ద ఫలితాలు వచ్చాయి. హర్యానాలోని రాఖీగఢీలో సింధు నాగరికత కాలపు ఒక మనిషి డీఎన్‌ఏలో స్టెప్పీ వారసత్వం లేదు. "ఆమెలో ఆర్1ఏ లేదు" అని ఆ వారం టీవీల్లో కొందరు చెప్పారు. ఆమె స్త్రీ! వై క్రోమోజోమే లేని మనిషిలో ఆర్1ఏ ఎలా ఉంటుంది? అసలు సంగతి మిగతా క్రోమోజోమ్‌లలో ఉంది. రెండోది మధ్య, దక్షిణ ఆసియాకు చెందిన 523 మంది ప్రాచీన మనుషుల అధ్యయనం, హైదరాబాద్‌లోని జీవశాస్త్ర పరిశోధన సంస్థ సీసీఎంబీ వాళ్ళూ అందులో ఉన్నారు. స్టెప్పీ జనం క్రీ.పూ. 2000 తర్వాత దక్షిణానికి దిగిన జాడ అందులో దొరికింది. కానీ పాకిస్తాన్ స్వాత్ లోయలో క్రీ.పూ. 1200 తర్వాతి సమాధుల్లో స్టెప్పీ వారసత్వం బాగానే ఉన్నా ఆర్1ఏ మగవాళ్ళు చాలా తక్కువ, అంటే అక్కడికి ఆ వారసత్వం ఎక్కువగా ఆడవాళ్ళ ద్వారా చేరింది. గుర్రాలెక్కి వచ్చిన మగవాళ్ళ దండయాత్ర బొమ్మ గీసుకున్నవాళ్ళకి ఇది మింగుడుపడదు.

మరి చెంచులు? చిన్న సమూహంలో ఏదో ఒక తరంలో బయటి మగవాడొకడు కలిస్తే చాలు, కొన్ని వందల ఏళ్ళలో ఆ వంశం నాలుగో వంతు కావడం లెక్క ప్రకారం పెద్ద వింతేమీ కాదు. జనం తక్కువైనకొద్దీ అదృష్టం ఎక్కువ పనిచేస్తుంది.

నాకు అన్నిటికంటే ఆసక్తిగా ఉండేది ఇంకో ప్రశ్న. ఒక మగవాడి వంశం ఇంతగా ఎలా పెరుగుతుంది? ఆర్1ఏలో మగతనం పెంచే గుణం ఏదో ఉందని ఎవరూ చూపలేదు. 2015లో ఒక పరిశోధన బృందం గమనించింది ఏమిటంటే, ఏడు నుంచి ఐదు వేల ఏళ్ళ కిందటి మధ్యకాలంలో ప్రపంచంలో చాలాచోట్ల వై వైవిధ్యం కుప్పకూలింది, పిల్లల్ని మిగిల్చిన ఆడవాళ్ళు పదిహేడు మందికి మగవాడు ఒక్కడు అన్నంతగా. తల్లి వైపు వంశాల్లో అలాంటి పతనం లేదు. జబ్బో కరువో అయితే ఇద్దర్నీ పట్టుకునేది. తండ్రి వంశం పేరుమీద గుంపు కట్టి బతికే సమాజాల్లో గుంపుకీ గుంపుకీ పోరు జరిగితే, ఓడిన గుంపులోని మగవాళ్ళందరిదీ ఒకే వై కాబట్టి ఆ వై మొత్తంగా పోతుంది, ఆడవాళ్ళు గెలిచిన గుంపులోకి వెళ్తారు. 2018లో కొందరు గణితంతో చూపించింది ఇదే. పశువులు, భూమి, పెత్తనం కొడుకులకి అందే చోట గెలుపు తరతరాలూ కొనసాగుతుంది.

ఇలాంటి చిన్న ఉదాహరణలు చరిత్రకి అందే దూరంలోనూ ఉన్నాయి. స్కాట్లండ్‌లో డొనాల్డ్ వంశపు నాయకులకి ఆర్1ఏ ఉంది. 1164లో చనిపోయిన సోమర్లెడ్ అనే దొర నుంచి దిగిన వంశం అది, నార్వే నుంచి వచ్చిన యూరప్ పాయ. యూదుల్లో లేవీయులు అనే పురోహిత వర్గం ఉంది, మన గోత్రం లాగే ఆ హోదా తండ్రి నుంచి కొడుక్కి వస్తుంది. తూర్పు యూరప్ నుంచి వచ్చిన అష్కెనాజీ లేవీయుల్లో సగం మందికి పైగా ఆర్1ఏ. పోలండ్, రష్యాల పక్కన బతికారు కాబట్టి అక్కడివాళ్ళ నుంచి వచ్చి ఉంటుందని మొదట అనుకున్నారు. తీరా లోతుగా చదివితే వాళ్ళది ఆసియా పాయ, జెడ్93! పశ్చిమాసియాలో ఉన్న కొమ్మ అది.

మన కులాల్లోనూ ఇలాగే కొన్ని వంశాలు కొన్నిచోట్ల పోగుపడ్డాయి. పశ్చిమ బెంగాల్ బ్రాహ్మణుల్లో ఒక అధ్యయనంలో ఆర్1ఏ 72 శాతం కనబడింది. ఈ పోగుపడటం వెనక ఉన్నది పెళ్ళి నియమాలు. సీసీఎంబీ వాళ్ళు పాలుపంచుకున్న 2013 పరిశోధన ప్రకారం 4,200 నుంచి 1,900 ఏళ్ళ కిందటి దాకా ఉపఖండంలో జనం విపరీతంగా కలిశారు, తర్వాత తలుపులు మూసుకున్నాయి. ఆంధ్రప్రదేశ్ వైశ్యుల్లో ఆ తలుపు వంద తరాలుగా మూసే ఉందని అంతకుముందే 2009లో తేలింది. కానీ కలిసిన రక్తం అందరిలోనూ ఉంది. పది తరాలు వెనక్కి వెళ్తే మీకు 1,024 మంది పూర్వీకుల స్థానాలుంటాయి, వై చెప్పేది వాటిలో ఒక్కరి గురించి. మొత్తం డీఎన్‌ఏ చూస్తే ఆర్1ఏ ఉన్న తెలుగాయన, అదే ఆర్1ఏ ఉన్న పోలండ్ ఆయన కంటే, పక్కింట్లో హెచ్ అనే వేరే పితృవంశం ఉన్నాయనకే ఎంతో దగ్గర.

ఇప్పుడు నిజంగా తెలియాల్సింది మధ్యలో ఉన్న ముక్క. స్వాత్ లోయలో అంత తక్కువగా ఉన్న వంశం గంగా మైదానానికి వచ్చేసరికి అంత ఎక్కువ ఎలా అయింది, ఏ శతాబ్దాల్లో అయింది? దానికి క్రీ.పూ. 1500 నుంచి 500 దాకా ఉత్తరప్రదేశ్, బిహార్‌లలో బతికిన మగవాళ్ళ ఎముకలు కావాలి. మన ఎండకీ తేమకీ డీఎన్‌ఏ నిలవదు. చెవి లోపలి గట్టి ఎముకలో కాస్త మిగులుతుందంతే, రాఖీగఢీలో అరవైకి పైగా నమూనాలు ప్రయత్నిస్తే పనికొచ్చింది ఒక్కటి. దానికితోడు ఆ కాలంలో చాలాచోట్ల చనిపోయినవాళ్ళని కాల్చేవాళ్ళు.