పొద్దున్నే ఐస్‌క్రీమా? పండ్ల ఐస్‌క్రీమ్ మీద అపోహలు, వాస్తవాలు

రాజమండ్రిలో మాది చిన్న ఐస్‌క్రీమ్ కొట్టు. రోజ్‌మిల్క్‌కి పేరుపడ్డ ఊళ్లో ఐస్‌క్రీమ్ అమ్ముకోవడమే కష్టం. ఇక పొద్దున ఏడున్నరకే షట్టర్ తీసి దాన్ని టిఫిన్‌గా అమ్మడమంటే, మా అత్తగారి భాషలో, "నీకు పనిలేక". చేసేది పెద్ద విద్యేమీ కాదు. గడ్డకట్టిన పండు ముక్కల్ని మిక్సీలో తిప్పి, వెన్నలా అయ్యాక గిన్నెలోకి తీసి, దానిమ్మ గింజలతో కళ్లు, జామముక్కతో నోరు పెట్టి ఇస్తాం. పిల్లలందరూ ముందు కళ్లే తింటారు. ఎందుకో నాకిప్పటికీ అర్థం కాలేదు.

కౌంటర్ దగ్గర రెండు రకాల మాటలు వింటుంటాను. తాతయ్యలు, అమ్మమ్మలు "పొద్దున్నే చల్లటిదా, జలుబు చెయ్యదూ" అంటారు. అమ్మానాన్నలేమో "పండే కదండీ, ఇంకో గిన్నె వెయ్యండి" అంటారు. ఒకరు అక్కర్లేని చోట భయపడుతున్నారు, ఇంకొకరు భయపడాల్సిన చోట ధీమాగా ఉన్నారు. ఈ రాత ఇద్దరి కోసమూ.

అపోహ: పరగడుపున చల్లటిది తింటే జలుబు చేస్తుంది

జలుబు తెచ్చేది వైరస్. పక్కబెంచీ పిల్లాడి తుమ్ములోంచో, వాడు పట్టుకున్న పెన్సిల్ మీంచో వస్తుంది తప్ప అరటిపండు గిన్నెలోంచి రాదు. అలాగని పెద్దవాళ్ల మాట పూర్తిగా కొట్టెయ్యలేను. ఉబ్బసం ఉన్న పిల్లల్లో కొందరికి చల్లటిది తగలగానే దగ్గు ఎత్తుకుంటుంది. వాళ్ల విషయంలో డాక్టర్ ఏం చెబితే అదే. గబగబా మింగితే నుదురు పగిలిపోతున్నట్టు ఒక నొప్పి వస్తుంది. అది కాసేపట్లో పోతుంది, రోగం కాదు.

అయినా చద్దన్నం తిని పెరిగిన జాతి మనది. రాత్రి అన్నంలో నీళ్లు పోసి, పొద్దున పెరుగూ ఉల్లిపాయా నంజుకుని పొలానికి పోయినవాళ్లెవరూ వేడి టిఫిన్ అడగలేదు. చద్దన్నం చల్లదనం వేరు, ఐసు చల్లదనం వేరు అంటారా? నిజమే. అయితే ఇటలీలోని సిసిలీ దీవి చూడండి. ఎండాకాలం పొద్దున్నే అక్కడివాళ్ల టిఫిన్ గ్రానిటా, అంటే నిమ్మరసమో బాదంపాలో గడ్డకట్టించి గీకిన ఐసు. పక్కన మెత్తటి బన్ను, దాన్ని తుంచి ఐసులో ముంచుకుని తింటారు.

అపోహ: ఇది మామూలు ఐస్‌క్రీమే, పేరు మార్చారు

మన ఆహార భద్రతా సంస్థ ఎఫ్ఎస్ఎస్ఏఐ లెక్కలో ఉత్త ఐస్‌క్రీమ్ అనిపించుకోవాలంటే కనీసం 10 శాతం పాలకొవ్వు ఉండాలి, లీటరు 525 గ్రాములకు తగ్గకూడదు. లీటరు నీళ్లు కిలో తూగుతాయి కదా, మరి మిగతా బరువేమైనట్టు? గాలి. మిషన్‌లో చిలికేటప్పుడు గాలి ఎక్కుతుంది, అందుకే చెంచా అంత తేలిగ్గా దిగుతుంది. పాలకొవ్వు బదులు వంటనూనె కొవ్వు వాడితే దాన్ని ఫ్రోజెన్ డెజర్ట్ అనే రాయాలి, ప్యాకెట్ వెనక చూసుకోండి. మా గిన్నెలో పాలకొవ్వూ, గాలీ రెండూ పెద్దగా లేవు. చట్టప్రకారం అది ఐస్‌క్రీమే కాదు, మెత్తగా తిప్పిన పండు. పిల్లలకి ఆ సంగతి చెప్పకండి.

అపోహ: పంచదార వెయ్యలేదు కాబట్టి ఎంతైనా తినొచ్చు

నాకు అన్నిటికంటే ఎక్కువ తగిలేది ఇదే. రెండు ఓ మాదిరి అరటిపళ్ల గుజ్జు 200 గ్రాములుంటుంది. అందులో చక్కెరలు దాదాపు 24 గ్రాములు, మన టీచెంచాతో ఆరు. పీచు ఐదు గ్రాములుంది, పొటాషియం ఉంది, కాబట్టి అది ఆరు చెంచాల పంచదారతో సమానమని అనను. కానీ మాంసకృత్తులు? రెండు గ్రాములు దాటితే గొప్ప. హైదరాబాద్‌లోని జాతీయ పోషకాహార సంస్థ 2024 మార్గదర్శకాల్లో 2000 కేలరీల రోజువారీ పళ్లెంలో పండ్లకిచ్చిన చోటు 100 గ్రాములు, కూరగాయలకి 400. మా పెద్ద గిన్నె ఒక్కటి తింటే పండ్ల వాటా రెండింతలైపోయినట్టే. పెద్ద గిన్నె అమ్మితే నాకే లాభం, అయినా పిల్లలకి చిన్నదే చాలని చెబుతుంటాను.

పైగా నాలుకని చలి మోసం చేస్తుంది. చల్లగా ఉన్నప్పుడు తీపి తక్కువ తెలుస్తుంది. కరిగిపోయిన ఐస్‌క్రీమ్ ఎందుకంత వెగటుగా ఉంటుందో ఇప్పుడు అర్థమైందా? అందుకే మగ్గని పండుతో చేసి, తీపి చాల్లేదని తేనె పోస్తారు, ఖర్జూరం పాకం పోస్తారు, పోసి "నో షుగర్" అని ఫొటో పెడతారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2015లో ఇచ్చిన మార్గదర్శకాల్లో తేనె, పాకాలు, పళ్లరసాలు అన్నీ పంచదార ఖాతాలోవే. బ్రిటన్‌లోనైతే గుజ్జు చేసిన పండులోని చక్కెరని కూడా ఆ ఖాతాలోనే రాస్తారు. ఏడాది లోపు పిల్లలకి తేనె అసలు నాకించకూడదు, ఐస్‌క్రీమ్‌లోనైనా, మరెందులోనైనా.

టిఫిన్ అనిపించుకోవాలంటే పక్కన ఏదో ఒకటి పడాలి. 30 గ్రాముల వేయించిన వేరుశనగపప్పు పొడి కొట్టి కలిపితే ఏడు గ్రాములకు పైగా మాంసకృత్తులొస్తాయి. గుడ్డ కట్టి నీరు దించిన పెరుగైనా సరే. మా ఇంట్లో సగం పెసరట్టు, సగం గిన్నె. విడ్డూరంగా ఉంటుంది గానీ అల్లం పచ్చడి కారం మీద చల్లటి మామిడి గుజ్జు పడితే ఆ రుచే వేరు.

అపోహ: మచ్చలు పడ్డ అరటిపండు పారెయ్యాల్సిందే

తొక్క మీద నల్లచుక్కలు పడ్డ పండే మాకు బంగారం. పచ్చిగా ఉన్నప్పటి పిండిపదార్థం మగ్గేకొద్దీ చక్కెరగా మారుతుంది. తీపితోపాటు మెత్తదనమూ వస్తుంది, ఎందుకంటే నీటిలో చక్కెర ఎంత ఎక్కువుంటే అది అంత రాయిలా గడ్డకట్టదు. రావులపాలెం గెలల మార్కెట్ నుంచి మాకు చక్రకేళి, అమృతపాణి, కర్పూరం మూడూ వస్తాయి. కర్పూరంలో చిన్న పులుపుంటుంది, గడ్డకట్టాక ఆ పులుపు ముందుకొస్తుంది. నా ఓటు చక్రకేళికే.

అన్ని పళ్లూ అరటిలా వెన్నలా తిరగవు. అరటిలో నీళ్లు 75 శాతం, మామిడిలో 83, పుచ్చకాయలో 91. పుచ్చకాయ ఒక్కటే వేస్తే వచ్చేది గోలా బండి ఐసు. అందుకే ఏ పండు చేసినా అందులో మూడోవంతు అరటి వేస్తాం. బంగినపల్లికి ఆ అవసరం లేదు, పీచు లేని కండ కదా. రసాలతో మాత్రం పీచు బ్లేడుకి చుట్టుకుంటుంది, వాటిని చేత్తో పిసుక్కు తినడమే మర్యాద. సీతాఫలం అద్భుతం, కానీ గింజలు తీసే మనిషి మీకుంటేనే.

ఎక్కువమంది తప్పు చేసేది కోయడంలో. పండుని తొక్కతో ఫ్రీజర్లో పడేస్తారు. తొక్క నల్లబడి, రాయై, వలవడానికి కత్తి కావాల్సొస్తుంది. వలిచి, రూపాయి బిళ్ల మందాన చక్రాలు కోసి, పళ్లెంలో ఒకదానికొకటి తగలకుండా పరిచి గడ్డకట్టించాలి, ఆ తర్వాతే డబ్బాలోకి. పలచటి ముక్క త్వరగా గడ్డకడుతుంది. త్వరగా గడ్డకడితే లోపలి మంచు పలుకులు చిన్నవిగా ఉంటాయి, నాలుకకి ఇసకలా తగలవు. నల్లబడకుండా నాలుగు చుక్కల నిమ్మరసం చాలు.

మిక్సీ సంగతి చెప్పాలి. మొదటి ఎండాకాలంలో నేను రాళ్లలాంటి ముక్కల్ని పెద్ద జార్ నిండా పోసి ఆపకుండా తిప్పాను. కాలిన వాసన, తర్వాత నిశ్శబ్దం. కింద ఎర్ర బటన్ నొక్కితే రెండుసార్లు లేచింది, మూడోసారి లేవలేదు. ఇప్పుడు చట్నీ జార్, సగానికి మించకుండా ముక్కలు, బయట ఐదారు నిమిషాలు ఆగాక, రెండు చెంచాల పాలు. ఆపి ఆపి తిప్పాలి. ముందు రవ్వలా పలుకులవుతుంది. "పాడైపోయింది" అనుకుని పాలు పొయ్యాలనిపించేది సరిగ్గా అప్పుడే, పొయ్యకండి. అంచులు గరిటెతో దించి ఇంకో రెండుసార్లు తిప్పితే ఒక్కసారిగా ముద్దకట్టి నున్నగా మెరుస్తుంది.

అపోహ: ఏ పండైనా పెరుగుతో కలిపి రాత్రే చేసి పెట్టుకోవచ్చు

ఓసారి పుట్టినరోజు ఆర్డర్, నలభై కప్పులు. పైనాపిల్, పెరుగు కలిపి ముందురోజు సాయంత్రమే తిప్పి పెట్టాను. పొద్దున రుచి చూస్తే చేదు. కాకరకాయంత కాదు గానీ పిల్లలు ఉమ్మేసేంత. పచ్చి పైనాపిల్‌లో బ్రొమెలైన్ అనే ఎంజైమ్ ఉంటుంది, అది పాల మాంసకృత్తుల్ని విరగ్గొడుతుంది, ఆ ముక్కలే చేదు. చలి దాన్ని చంపదు, నెమ్మదింపజేస్తుందంతే. పైనాపిల్‌ని ముందు ఉడికించి చల్లార్చితే గొడవుండదు. లేదా అప్పటికప్పుడు కలిపి అప్పుడే తినెయ్యాలి. కివీదీ ఇదే తంతు. ఆ రోజు నలభై కప్పులూ సింకులోకి పోయాయి.

పాలూ అరటీ కలిస్తే విషమంటారా? ఆయుర్వేదంలో దాన్ని విరుద్ధాహారమంటారు, నమ్మేవాళ్లు నీళ్లతోనో కొబ్బరిపాలతోనో తిప్పుకోవచ్చు, రుచికి లోటుండదు. పాలు కడుపులో విరుగుతాయన్న భయం మాత్రం వద్దు. ఏమీ కలపకుండా తాగినా అవి విరిగేది కడుపులోని ఆమ్లంలోనే. గుడిలో అరటిముక్కలు వేసిన పంచామృతం చేతిలో పోస్తే ఎవరూ వద్దనరు కదా.

అపోహ: ఫ్రీజర్లో పెడితే క్రిములు చచ్చిపోతాయి

చావవు, నిద్రపోతాయి. మైనస్ 18 డిగ్రీల్లో పెరగవు, బయటికి తీశాక మళ్లీ లేస్తాయి. కాబట్టి మామిడిపండు తొక్క పారేసేదే అయినా కొయ్యకముందే కడగాలి, కత్తి తొక్క మీంచే కదా కండలోకి దిగేది. జార్ మూతకున్న రబ్బరు పీకి చూశారా ఎప్పుడైనా? నిన్నటి వెల్లుల్లి చట్నీ అక్కడే ఉంటుంది. పండ్ల ఐస్‌క్రీమ్‌లో వచ్చే ఆ అంతుచిక్కని వాసన అదే.

గడ్డకట్టిన పండు ముక్కలు ప్యాకెట్లలో కొనేవాళ్లకి ఒక చిన్న పరీక్ష: ఊపితే ముక్కలు గలగలమనాలి. ఒకే గడ్డగా ఉంటే ఎక్కడో కరెంటు పోయి కరిగి మళ్లీ గడ్డకట్టినట్టే. విటమిన్లు పోతాయన్న బెంగ అనవసరం, సి విటమిన్ కొంత తగ్గినా మిగతావి చాలావరకు ఉంటాయి.

అపోహ: గడ్డకట్టిన ద్రాక్ష పిల్లలకి మంచి ఆటవస్తువు

జలుబుకి వణికిపోయే ఇళ్లలోనే రెండేళ్ల పిల్ల చేతికి గడ్డకట్టిన ద్రాక్ష గుత్తి ఇవ్వడం నేను కళ్లారా చూశాను. ద్రాక్షపండు గుండ్రంగా, జారుడుగా, సరిగ్గా చిన్నపిల్లల గొంతుకి అడ్డంపడే సైజులో ఉంటుంది. గడ్డకట్టిస్తే నమలడానికీ లొంగదు. ఐదేళ్ల లోపు పిల్లలకి నిలువుగా నాలుగు చీలికలు చెయ్యాలి, అడ్డంగా రెండు చెయ్యడం చాలదు. వేరుశనగ కూడా పొడే, పప్పులుగా వద్దు. దానిమ్మ గింజల కళ్లు కూడా మూడేళ్లు నిండాకే. అంతకంటే చిన్నవాళ్లకి నేరేడు గుజ్జుతో చుక్కలు పెడతాం. ఆ గుజ్జు పాలు తగిలితే మసకబారుతుంది, ఒక నిమ్మచుక్క పడితే మళ్లీ గులాబీరంగు తేలుతుంది. ఆ రంగు మారడం చూడ్డానికి పెద్దపిల్లలు కూడా కౌంటర్ ఎక్కి నిలబడతారు, దింపడమే మా పని.