మట్టిబొమ్మలో దొరికిన నాన్న

చిన్నారులకు అమ్మమ్మ ఆశీస్సులు.

మొన్న ఫోనులో "శరణార్థులంటే ఇల్లు లేనివాళ్ళేనా అమ్మమ్మా?" అని అడిగారు. అప్పుడు సరిగ్గా చెప్పలేకపోయాను. ఇల్లు మళ్ళీ కట్టుకోవచ్చు. కానీ కన్నవాళ్ళ ఫొటో ఒక్కటైనా మిగలకపోతే? అలాంటి ఒకాయన గురించి రాస్తున్నాను. పేరు రితీ పాన్, సినిమాలు తీస్తాడు.

కంబోడియా రాజధాని నామ్‌పెన్‌లో పుట్టాడు. 1975 ఏప్రిల్ 17న ఖ్మేర్ రూజ్ అనే తీవ్ర కమ్యూనిస్టుల దళాలు నగరంలోకి వచ్చి జనాన్నంతా పల్లెలకు తరిమేశాయి. బడులు మూశారు, డబ్బు రద్దు చేశారు, అందరికీ నల్లబట్టలే. పగలంతా పొలాల్లో చాకిరీ, పూటకింత పలచటి గంజి. పశువుల మేత లాంటి ఆ తిండి మనుషులు తినేది కాదని రితీ నాన్న తినడం మానేశాడు. అలాగే కన్నుమూశాడు. తరువాత అమ్మ, తోబుట్టువులు కొందరు. ఆ 3 ఏళ్ళ 8 నెలల్లో దేశంలో 15 లక్షలకు పైగా జనం పోయారు. 1979లో రితీ సరిహద్దు దాటి థాయ్‌లాండ్ శిబిరం చేరాడు. అక్కణ్ణుంచి ఫ్రాన్సు.

పారిస్‌లో వడ్రంగం నేర్చుకుంటుంటే ఒక విందులో ఎవరో వీడియో కెమెరా చేతికిచ్చారట. దాంతో సినిమా బడిలో చేరాడు. 1989లో తీసిన మొదటి డాక్యుమెంటరీ మళ్ళీ శిబిరం గురించే, అక్కడ బతుకుతున్న కంబోడియా కుటుంబం గురించే.

2013లో ఆయన తీసిన ‘ద మిస్సింగ్ పిక్చర్’ అనే సినిమా ఒకటుంది, నాకు ప్రాణం. ఖ్మేర్ రూజ్ వాళ్ళు తీయించుకున్న ప్రచార చిత్రాల్లో జనం నవ్వుతూ పనిచేస్తుంటారు. ఆకలి ఒక్కదాంట్లోనూ కనబడదు. మరి ఆ ఆకలిని చూపే చిత్రం లేదు కదా, ఏం చెయ్యాలి? మట్టితో బొమ్మలు చేయించాడు. కెమెరా దగ్గరగా వెళుతుంది. తడిమట్టి ముద్ద మీద చిన్న కత్తి కదులుతుంది, ముఖం వస్తుంది, చొక్కా వస్తుంది. కుంచె తెల్లరంగు అద్దుతుంది. తెల్ల సూటులో నాన్న! చుట్టూ నల్లబట్టల బొమ్మల మధ్య ఆ తెలుపు చూస్తుంటే నాకు గొంతు పూడుకుపోయింది. నేపథ్యంలో వినబడే మాటలు ఫ్రెంచిలో ఉంటాయి. తలదాచుకున్న దేశపు భాషలో పుట్టినూరి కథ. అయినా దాన్ని ఆస్కార్‌కు పంపింది కంబోడియానే. ఆ దేశానికి అదే మొదటి నామినేషన్.

2006లో ఆయన నామ్‌పెన్‌లో పాత సినిమాలు, ఫొటోలు దాచే చోటు నెలకొల్పాడు. ఎవరైనా వెళ్ళి ఊరికే చూడొచ్చు. దానికి బోఫానా అని పేరు పెట్టాడు. భర్తకు ప్రేమగా ఉత్తరాలు రాసినందుకు జైల్లో పెట్టి చంపిన అమ్మాయి పేరది. కంబోడియా వాళ్ళకీ రామాయణం ఉంది, తెలుసా? ఆ ఉత్తరాల్లో ఆమె తనను సీతతో పోల్చుకుంది.

సెలవులకు రండి. ఆ తెల్ల సూటు బొమ్మను కలిసి చూద్దాం.

మీ అమ్మమ్మ