అపార్ట్‌మెంట్ కరెంటు బకాయి ఎవరి నెత్తిన పడుతుంది? అపోహలు – వాస్తవాలు

లిఫ్టు, నీటి మోటారు, మెట్ల దీపాలు నడిచే కామన్ మీటరు బిల్లు పేరుకుపోయినప్పుడు సంఘం సమావేశంలో ప్రతివారూ చెప్పేది ‘నా వాటా నేను కట్టేశాను’ అనే. అది నిజమే అయినా విద్యుత్ పంపిణీ సంస్థకు (డిస్కంకు) దానితో నిమిత్తం లేదు. డిస్కం చూసేది సర్వీసు నంబరును, అది ఎవరి పేరున ఉందో, ఏ ఆవరణకు ఇచ్చారో అన్నదాన్ని. ఎవరు వాటా ఇచ్చారు, ఎవరు ఎగ్గొట్టారు అన్నది సంఘానికీ సభ్యులకూ మధ్య తేలవలసిన లెక్క. ఒక న్యాయవాదిగా నేను చూసే తగాదాల్లో చాలావరకు ఈ రెండింటినీ కలగలపడం వల్ల వచ్చినవే.

అపోహ: వాటా కట్టినవారి ఇంటికి కరెంటు ఆగదు.

వాస్తవం: ఫ్లాటుకు డిస్కం నేరుగా విడి మీటరు ఇచ్చి ఉంటే కామన్ బకాయికి సాధారణంగా కామన్ సర్వీసు మాత్రమే ఆగుతుంది. ఆవరణ మొత్తానికి ఒకే కనెక్షన్ తీసుకుని లోపల సబ్‌మీటర్లు పెట్టుకున్నచోట డిస్కంకు వినియోగదారు సంఘం ఒక్కటే కాబట్టి, సరఫరా తీసేస్తే అందరికీ తీసేసినట్లే. 2024లో సవరించిన విద్యుత్ వినియోగదారుల హక్కుల నిబంధనల ప్రకారం విడి కనెక్షన్లా, ఒకే కనెక్షనా అన్నది యజమానులు ఎంచుకోవచ్చు. అందుకోసం డిస్కం ఓటింగు నిర్వహించాలి.

అపోహ: పాత యజమాని బకాయి కొత్తగా కొన్నవారికి అంటదు.

వాస్తవం: ఈ నమ్మకానికి ఒకప్పుడు ఆధారం ఉండేది. వేలంలో ఆస్తి కొన్నవారిపై పాత బకాయి మోపరాదని 1995లో ఇషా మార్బుల్స్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. అయితే 2023 మేలో కె.సి. నైనాన్ కేసులో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం, 2003 విద్యుత్ చట్టం కింద రూపొందిన సరఫరా నిబంధనల్లో అలాంటి షరతు ఉంటే, అదే ఆవరణకు కనెక్షన్ ఇచ్చేముందు పాత బకాయి తీర్చమని డిస్కం కోరవచ్చని స్పష్టం చేసింది. బకాయి దానంతట అదే ఆస్తిపై భారంగా మారదని కూడా అదే తీర్పు చెప్పింది గానీ, కనెక్షన్ కావలసిన కొనుగోలుదారుకు ఆ తేడా పెద్ద ఊరట కాదు. రిజిస్ట్రేషన్‌కు ముందే ఫ్లాటు సర్వీసుకూ కామన్ సర్వీసుకూ వేర్వేరుగా తాజా బిల్లులు అడిగి చూడటం మేలు.

అపోహ: మెయింటెనెన్స్ కట్టని సభ్యుని ఫ్లాటుకు సంఘం కరెంటు తీయించవచ్చు.

వాస్తవం: విద్యుత్ చట్టంలోని 56వ సెక్షన్ సరఫరా నిలిపివేసే అధికారాన్ని విద్యుత్ సంస్థకు, అదీ విద్యుత్ బకాయికే ఇచ్చింది. కమిటీ చేతిలో మెయిన్ స్విచ్ తాళం ఉన్నంత మాత్రాన ఆ అధికారం సంఘానికి సంక్రమించదు. విద్యుత్తు కనీస సౌకర్యమని, యజమాని నిరభ్యంతర పత్రం ఇవ్వలేదన్న కారణంతో అద్దెదారుకు దాన్ని నిరాకరించరాదని 2022లో దిలీప్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. సంఘానికి ఉన్న దారి నోటీసు ఇచ్చి, సభ్యునిపై వసూలు దావా వేయడమే. ఇది నెమ్మదైన దారే, కానీ వైరు పీకించిన కార్యదర్శి తానే ప్రతివాదిగా నిలబడటం కన్నా నయం.

అపోహ: రెండేళ్లు దాటిన బకాయి రద్దయిపోతుంది.

వాస్తవం: 56(2) సెక్షన్‌లోని రెండేళ్ల గడువు, బకాయి మొదటిసారి చెల్లించవలసి వచ్చిన తేదీ నుంచి మొదలవుతుంది. బిల్లు జారీ అయినప్పుడే ఆ బాధ్యత ఏర్పడుతుందని 2020లో సుప్రీంకోర్టు తేల్చింది. ప్రతి బిల్లులోనూ పాత బకాయి గడిలో ఆ మొత్తాన్ని వరుసగా చూపుతూ వస్తే గడువు అడ్డు రాదు. చూపకపోయినా ఆగేది కనెక్షన్ తొలగింపే. సివిల్ దావా వంటి ఇతర మార్గాల్లో వసూలు చేసుకునే హక్కు మిగిలే ఉంటుందని నైనాన్ తీర్పు చెబుతోంది.

అపోహ: బిల్లు తప్పని అర్జీ పెడితే కనెక్షన్ జోలికి రారు.

వాస్తవం: అర్జీ ఒక్కటే చాలదు. తొలగింపుకు ముందు కనీసం 15 పూర్తి రోజుల గడువుతో రాతపూర్వక నోటీసు ఇవ్వాలి. ఈలోగా అభ్యంతరం తెలుపుతూ, అడిగిన మొత్తం గానీ గత ఆరు నెలల సగటు చొప్పున లెక్కకు వచ్చే మొత్తం గానీ, ఏది తక్కువైతే అది జమచేస్తే వివాదం తేలేవరకు సరఫరా తీయకూడదు. ఉదాహరణకు ఒక నెల కామన్ బిల్లు 84,000 రూపాయలు వచ్చి, గత ఆరు నెలల సగటు 31,000 అయితే 31,000 కట్టి, రసీదు జతపరచి వినియోగదారుల సమస్యల పరిష్కార వేదికకు వెళ్లాలి. అక్కడ న్యాయం జరగలేదనిపిస్తే ఆపైన వినే అధికారి, విద్యుత్ అంబుడ్స్‌మన్ ఉన్నారు.

అపోహ: భవనం సంఘం చేతికి వచ్చాక బిల్డర్ కాలపు బకాయి కూడా సంఘానిదే.

వాస్తవం: డిస్కం సరఫరా ఆపేది సంఘానికే కనుక అలా అనిపిస్తుంది. అయితే 2016 స్థిరాస్తి నియంత్రణ (రెరా) చట్టం 11(4)(జి) సెక్షన్ ప్రకారం, కొనుగోలుదారుల నుంచి విద్యుత్ చార్జీల వంటివి వసూలు చేసి, స్వాధీనం అప్పగించేలోపు కట్టని బిల్డర్, ఆస్తి బదిలీ అయిన తరువాత కూడా వాటికి, వాటిపై పడే జరిమానాలకు బాధ్యుడే. సంఘం ముందు కట్టి, తరువాత ఆ చట్టం కింద ఏర్పడిన రెరా సంస్థ ద్వారా బిల్డర్ నుంచి రాబట్టుకోవలసి వస్తే అప్పగింత నాటి మీటరు రీడింగే ముఖ్యమైన సాక్ష్యం. ఆ రీడింగును ఇరుపక్షాల సంతకాలతో రాసుకుని, సర్వీసును సంఘం పేరుకు మార్చమని అప్పుడే దరఖాస్తు పెట్టుకోవాలి.