కెమెరా వచ్చేసరికి ఏం మిగులుతుంది?

నల్లగొండ, పాలమూరు వైపు తప్పుడు కేసుల మీద డాక్యుమెంటరీ తీస్తామని ఎవరైనా వస్తే నేను చెప్పేది ఒకటే. నిర్దోషి జైలు గేటు దాటే షాట్‌తో మొదలుపెట్టకండి. కేసు చెడిపోయేది మొదటి వారంలోనే, స్టేషన్‌లో.

ఈ నేలకిది పాత గొడవే. పోలీసు చర్య తర్వాత మిలటరీ గవర్నర్ వేసిన ప్రత్యేక ట్రిబ్యునళ్లు తెలంగాణ రైతు పోరాటంలో పట్టుబడిన పన్నెండు మందికి 1949లో ఉరిశిక్ష వేశాయి. వాళ్ల తరఫున ఇంగ్లండ్ బారిస్టర్ డి.ఎన్. ప్రిట్ సుప్రీంకోర్టులో వాదించాడు. విచారణప్పుడు తమకు వకీలే లేడన్నది వాళ్ల ఫిర్యాదుల్లో ఒకటి. వకీలు లేనంత మాత్రాన ప్రతి ఉరి కేసూ చెల్లకుండా పోదని 1951లో కోర్టు తేల్చింది. తర్వాత ఉరి కాస్తా యావజ్జీవం అయింది. పేదవాడికి ఉచిత న్యాయసహాయం అన్న మాట రాజ్యాంగంలోకి ఎక్కింది 1976లో.

వకీలు వచ్చేలోపే తయారయ్యే కాగితం ఒకటుంది, కన్ఫెషన్ పంచనామా. ముద్దాయి నేరం ఒప్పుకున్నాడని పంచుల (సాక్షుల) ముందు పోలీసులు రాసుకునేది. దేవరకొండలోనో అచ్చంపేటలోనో ఒక కేసు కట్ట విప్పి చూడండి. 'నా వెంట వస్తే దాచిన చోటు చూపిస్తాను' అన్న వాక్యం దాదాపు అవే మాటల్లో కనిపిస్తుంది. కింద ఇద్దరు పంచుల సంతకాలు, ముద్దాయి వేలిముద్ర. ఏళ్ల తర్వాత బోనెక్కిన పంచు 'పెట్టమంటే పెట్టిన సార్, చదవలేదు' అంటాడు. పోలీసుల ముందు ఒప్పుకున్నది సాక్ష్యం కాదని 1872 నాటి సాక్ష్య చట్టమే చెప్పింది. కానీ ఆ మాట వల్ల వస్తువు దొరికితే, దానికి సంబంధించినంత మేరకు ఆ మాట చెల్లుతుందని పక్కనే సందు వదిలింది. 2024 జులై 1న అమల్లోకి వచ్చిన కొత్త సాక్ష్య చట్టంలోనూ ఆ సందు అలాగే ఉంది.

విజయవాడ దగ్గరి ఇబ్రహీంపట్నం హాస్టల్ హత్య కేసులో 2010లో శిక్షపడిన యువకుణ్ని 2017లో హైదరాబాద్ హైకోర్టు నిర్దోషి అంది. ఎనిమిదేళ్లకు పైగా జైలు, లక్ష రూపాయల పరిహారం. ఇలాంటివాళ్లకి పరిహారం హక్కుగా రావాలని 2018లో లా కమిషన్ 277వ నివేదిక ఇచ్చింది. చట్టం మాత్రం రాలేదు.

సినిమా ఏం చేయగలదో 1988లో డాక్యుమెంటరీ దర్శకుడు ఎరాల్ మోరిస్ అమెరికాలో చూపించాడు. డాలస్‌లో ఒక పోలీసును చంపాడన్న కేసులో ఒకప్పుడు మరణశిక్ష పడిన మనిషి, మోరిస్ సినిమా 'ది థిన్ బ్లూ లైన్' వచ్చిన మరుసటేడే బయటికొచ్చాడు. తమాషా ఏమిటంటే, అసలు దోషి మాట దొరికిన రోజు కెమెరా పాడైంది. టేప్‌రికార్డరే దిక్కయింది. మోరిస్‌కి జైల్లో ఖైదీ ముందు కూర్చునే వీలు దొరికింది. మన దగ్గర 2015 కేంద్ర హోంశాఖ సూచనల ప్రకారం డాక్యుమెంటరీ కోసం జైల్లోకి మామూలుగా రానివ్వరు.

ఇప్పుడు మొదటి కెమెరా పోలీసుల చేతిలోనే ఉంది. సాక్ష్య చట్టంతోపాటే వచ్చిన కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం ప్రకారం సోదా, స్వాధీనం వీడియో తీయాలి. స్టేషన్ సీసీటీవీ రికార్డు 18 నెలలు దాచాలని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది, వీలుకాకపోతే కనీసం ఏడాది. అప్పీలు తీర్పు రావడానికి తరచూ ఏళ్లు పడుతుంది. అందుకే ఫుటేజీ కోసం దరఖాస్తు అరెస్టయిన నెలలోనే పడాలి. అప్పటికి ఆ ఇంటికి ఏ డైరెక్టరూ రాడు, తాలూకా కోర్టు వకీలొక్కడే ఉంటాడు.