కప్పు రాలేదని కోచ్‌ని మార్చేస్తున్నారా? క్లాప్ గురించి అపోహలు - వాస్తవాలు

మొన్న ఆదివారం మా పదమూడేళ్ల లోపు పిల్లలు ఫైనల్లో 2-1 తేడాతో ఓడిపోయారు. సోమవారం సాయంత్రం ప్రాక్టీస్‌కి ఇద్దరు రాలేదు. రాత్రి అందులో ఒక బాబు నాన్న ఫోన్ చేశారు. "సర్, ఏమనుకోకండి. మావాణ్ని వేరే అకాడమీలో వేస్తున్నాం. మీరు బాగానే నేర్పుతారు, కానీ కప్పులు రావట్లేదు కదా. లివర్‌పూల్‌కి క్లాప్ వచ్చాడు, టీమ్ మొత్తం మారిపోయింది. కోచ్ అంటే అలా ఉండాలి సర్" అన్నారు. ఆయనన్నది ఇంగ్లండ్ క్లబ్ లివర్‌పూల్‌కి కోచ్‌గా పనిచేసిన జర్మన్, యుర్గెన్ క్లాప్ గురించి.

పదకొండేళ్లుగా హైదరాబాద్‌లో పిల్లలకు ఫుట్‌బాల్ నేర్పుతున్నాను. ఈ మాట ప్రతి టోర్నమెంట్ తర్వాత ఎవరో ఒకరి నోట వింటూనే ఉన్నాను. ఆ నాన్న మీద నాకు కోపం లేదు. జీతంలోంచి తీసి ఫీజు కడుతున్నారు, కొడుకు వయసు పెరిగిపోతోంది, ట్రయల్స్ దగ్గర పడుతున్నాయి. ఆ టెన్షన్ నాకు అర్థమవుతుంది. నా కోపమల్లా క్లాప్ వచ్చాడు, కప్పు వచ్చింది అని రెండు ముక్కల్లో తిరుగుతున్న ఆ కథ మీద. అది నిజం కాదు. దాన్ని నమ్మి నష్టపోతున్నది పిల్లలు.

అపోహ: మంచి కోచ్ వస్తే వెంటనే గెలుస్తారు, గెలవలేదంటే కోచ్ పనికిరాడు.

యుర్గెన్ క్లాప్ 2001 ఫిబ్రవరి చివర్లో జర్మనీలోని మైంజ్ క్లబ్‌కి కోచ్ అయ్యారు. అప్పటిదాకా అదే జట్టులో ఆటగాడు. జట్టేమో రెండో బుండెస్‌లిగా, అంటే జర్మనీ రెండో డివిజన్ నుంచి కింది డివిజన్‌కి జారిపోయే స్థితిలో ఉంది. మొదటి మ్యాచ్‌లో డ్యూస్‌బర్గ్ మీద 1-0 గెలిచారు, సీజన్ చివరికి గండం గట్టెక్కారు. జనానికి గుర్తుండేది ఇదొక్కటే. ఆ తర్వాత జరిగింది వినండి.

2001-02లో పై డివిజన్‌కి వెళ్లే అవకాశం చేతిలోకి వచ్చింది. చివరి మ్యాచ్‌లో బెర్లిన్‌లో యూనియన్ చేతిలో 3-1తో ఓడి నాలుగో స్థానానికి పడిపోయారు. అప్పట్లో పైకి వెళ్లేది మూడు జట్లే. మరుసటి ఏడాది చివరి రోజు బ్రౌన్‌ష్వైగ్‌లో 4-1తో గెలిచారు. అదే సమయంలో ఫ్రాంక్‌ఫర్ట్ జట్టు అదనపు సమయంలో గోల్ కొట్టి తన మ్యాచ్‌ని 6-3గా ముగించింది. ఇద్దరి పాయింట్లూ సమానం. ఒకే ఒక్క గోల్ తేడాతో మైంజ్ మళ్లీ నాలుగో స్థానంలో ఆగిపోయింది.

వరసగా రెండేళ్లు చివరి రోజున అంచు దాకా వెళ్లి జారిపడిన కోచ్. మన దగ్గరైతే ఆ రాత్రికే వాట్సాప్ గ్రూపులో తీర్పు వచ్చేసేది. మైంజ్ వ్యవహారాలు చూసే క్రిస్టియన్ హైడెల్ ఆయన్ని అలాగే ఉంచారు. 2004లో మైంజ్ తన చరిత్రలో మొదటిసారి బుండెస్‌లిగాలో, అంటే అగ్ర డివిజన్లో అడుగుపెట్టింది. అప్పటికి ఆయన కోచ్ అయి మూడేళ్లు దాటింది. 2007లో మళ్లీ కింద పడ్డారు. అప్పుడు కూడా క్లబ్ ఆయన్ని పంపలేదు, ఆయనా పారిపోలేదు. ఇంకో ఏడాది ప్రయత్నించి, జట్టుని పైకి తేలేకపోయాక 2008లో తనంతట తానే తప్పుకున్నారు.

అక్కణ్నుంచి ఇంకో జర్మన్ క్లబ్ డార్ట్‌మండ్‌కి వెళ్లారు. ఆ జట్టు అంతకుముందు సీజన్లో 13వ స్థానంలో నిలిచింది. ఆయన వచ్చాక మొదటి ఏడాది ఆరో స్థానం, రెండో ఏడాది ఐదో స్థానం. టైటిల్ మూడో ఏడాది, 2011లో వచ్చింది. 2012లో లీగ్‌తో పాటు జర్మన్ కప్ కూడా వచ్చింది. ఆ కప్ ఫైనల్లో బాయర్న్ మ్యూనిక్ మీద 5-2 తేడాతో గెలిచారు.

లివర్‌పూల్‌కి 2015 అక్టోబర్‌లో వచ్చారు. మొదటి సీజన్ ముగిసేసరికి స్థానం ఎంతో తెలుసా? ఎనిమిది. అదే సీజన్లో లీగ్ కప్ ఫైనల్లో మాంచెస్టర్ సిటీ చేతిలో పెనాల్టీల్లో ఓటమి, యూరోపా లీగ్ ఫైనల్లో సెవియా చేతిలో 3-1 ఓటమి. 2018లో కీవ్‌లో ఛాంపియన్స్ లీగ్ ఫైనల్, రియల్ మాడ్రిడ్ చేతిలో మళ్లీ 3-1. డార్ట్‌మండ్‌లో ఉండగా పోయిన 2013 ఛాంపియన్స్ లీగ్ ఫైనల్, 2014, 2015 జర్మన్ కప్ ఫైనల్స్ కూడా కలిపితే వరసగా ఆరు పెద్ద ఫైనల్స్ ఓడిపోయిన మనిషి ఆయన. ఆరు! మేము ఆదివారం ఓడింది ఒకటి.

లివర్‌పూల్‌తో ఆయన గెలిచిన మొదటి ట్రోఫీ 2019 జూన్ 1న వచ్చింది. మాడ్రిడ్‌లో టోటెన్‌హామ్ మీద 2-0. క్లబ్‌లో చేరి అప్పటికి మూడేళ్ల ఎనిమిది నెలలు. లీగ్ టైటిల్ ఇంకో ఏడాదికి, 2020లో, 99 పాయింట్లతో వచ్చింది. క్లబ్ ముప్పై ఏళ్లుగా ఎదురుచూసిన టైటిల్ అది.

మూడు క్లబ్బుల్లోనూ ఇదే వరస. మూడేళ్లు, దాదాపు మూడేళ్లు, మూడేళ్లకు పైన. జీతం తీసుకుని రోజంతా అదే పని చేసే పెద్దవాళ్లకే ఇంత కాలం పట్టింది. వారానికి నాలుగు రోజులు బడి అయ్యాక గంటన్నర ఆడే పన్నెండేళ్ల పిల్లవాడి విషయంలో మూడు నెలల్లో తీర్పు చెప్తే ఎలా?

కోచ్ మారితే పిల్లవాడికి ఏమవుతుందో మీకు గ్రౌండ్ బయట నుంచి కనిపించదు. కొత్తగా వచ్చిన బాబు ఎడమ కాలి మీదికి బంతి వస్తే ఎందుకు తిరిగిపోతున్నాడో పట్టుకోవడానికి నాకు కొన్ని వారాలు పడుతుంది. భయమా, అలవాటా, పాత దెబ్బా? అది తెలిశాక దాన్ని సరిచేయడానికి నెలలు పడుతుంది. మధ్యలో ఎత్తు ఒక్కసారిగా పెరుగుతాడు, నిన్నటిదాకా వచ్చిన పాస్ ఇవాళ రాదు. సరిగ్గా అప్పుడే ఇంట్లో వాళ్లకి అనుమానం మొదలవుతుంది. అకాడమీ మారుస్తారు. అక్కడ మళ్లీ మొదటి నుంచి.

నా దగ్గరికి ఒక పిల్లవాడు వచ్చాడు, చాలా ఏళ్ల కిందట. పేరు చెప్పను. రెండేళ్లలో నేను నాలుగో కోచ్‌ని. ఒకరు వింగ్‌లో ఆడించారు, ఒకరు డిఫెన్స్‌లో, ఇంకొకరు గోల్‌కీపర్ అన్నారు. బంతి వాడి కాలి దగ్గరికి రాగానే ఆట చూడటం మానేసి నా ముఖం చూసేవాడు, ఈ సర్‌కి ఏం కావాలో అన్నట్టు. ఎనిమిది నెలలకు ఆ చూపు తగ్గింది. తొమ్మిదో నెలలో ఒక జోనల్ సెలెక్షన్‌లో పేరు రాలేదని వాళ్ల నాన్న తీసుకెళ్లిపోయారు. పద్నాలుగేళ్లకు వాడు ఆట మానేశాడని తర్వాత తెలిసింది. చాలా మెత్తని మొదటి టచ్ వాడిది. ఇప్పటికీ బాధగా ఉంటుంది.

అపోహ: గెగెన్‌ప్రెసింగ్ అంటే అందరూ ఊపిరి బిగబట్టి పరిగెత్తడం. అది క్లాప్ కనిపెట్టాడు.

గెగెన్‌ప్రెసింగ్ అంటే క్లాప్ జట్లు ఆడే పద్ధతికి ఉన్న పేరు. పై మాటలు రెండూ తప్పే. మైంజ్‌లో క్లాప్ ఆటగాడిగా ఉన్నప్పుడు వోల్ఫ్‌గాంగ్ ఫ్రాంక్ కోచ్‌గా వచ్చారు. జర్మనీలో చాలా జట్లు ఇంకా వెనకాల లిబరోని (డిఫెన్స్ వెనక ఒంటరిగా నిలబడే ఆటగాణ్ని) పెట్టి, మనిషికి మనిషిని కాపలా పెట్టి ఆడే రోజులవి. ఫ్రాంక్ ఇటలీ కోచ్ సాక్కీ తయారుచేసిన మిలాన్ జట్టుని చూసి, వెనక నలుగురు డిఫెండర్ల వరస, మనిషిని కాక చోటుని కాపాడే జోన్ పద్ధతి, పైకి వెళ్లి ప్రత్యర్థిని నొక్కడం మైంజ్‌కి నేర్పారు. తన మీద అందరికన్నా ఎక్కువ ప్రభావం ఫ్రాంక్‌దే అని క్లాప్ ఎన్నోసార్లు చెప్పారు.

ఇక గెగెన్‌ప్రెసింగ్‌లో అసలు పని. బంతి పోగానే వెనక్కి పరిగెత్తకుండా, పోయిన చోటే తిరిగి లాక్కోవడం. అప్పుడే బంతి అందుకున్నవాడు ఇంకా తల ఎత్తి చూసి ఉండడు, వాడి జట్టు కూడా సర్దుకుని ఉండదు. ఆ మొదటి కొన్ని సెకన్లే అవకాశం. దగ్గరున్న ఒక్కడు బంతి మీదికి వెళ్తాడు, మిగతావాళ్లు పాస్ వెళ్లే దారులు మూస్తారు. దీనికి ముందే, బంతి మన దగ్గర ఉన్నప్పుడే, ఒకరికొకరు దగ్గరగా నిలబడి ఉండాలి. కాళ్లకన్నా ముందు నిలబడే చోటు. మా పిల్లలు ఒకసారి వీడియో చూసి వచ్చి ఐదుగురూ బంతి మీదికే ఉరికారు, ఒక్క పాస్‌తో వెనకంతా ఖాళీ. ఇంకో తండ్రి "ప్రెసింగ్ కోసం" అని కొడుకుని రోజూ పొద్దున ఎనిమిది కిలోమీటర్లు పరిగెత్తించారు. రెండు నెలలకు మోకాలి చిప్ప కింద నొప్పితో మెట్లు ఎక్కలేకపోయాడు. ఎదిగే వయసులో ఇది మామూలుగా కనిపించే నొప్పే, కానీ విశ్రాంతి తప్పదు. దయచేసి చేయించకండి.

మిగతావి త్వరగా చెప్పేస్తాను.

పెద్ద ఆటగాడు కానివాడు పెద్ద కోచ్ కాలేడంటారు. క్లాప్ మైంజ్‌కి ఆడిన 325 లీగ్ మ్యాచ్‌లూ రెండో డివిజన్‌వే. ఫార్వర్డ్‌గా మొదలుపెట్టి డిఫెండర్‌గా ముగించారు. ఆడుతూనే ఫ్రాంక్‌ఫర్ట్ యూనివర్సిటీలో స్పోర్ట్స్ సైన్స్ డిప్లొమా చేశారు. అంతదూరం ఎందుకు, మన హైదరాబాద్ కోచ్ సయ్యద్ అబ్దుల్ రహీం సాబ్ బడిలో మాస్టారుగా పనిచేసినవారు. 1952 హెల్సింకి ఒలింపిక్స్‌లో యుగోస్లావియా చేతిలో 10-1 తేడాతో ఓడిన భారత జట్టుకి కోచ్ ఆయనే. 1956 మెల్బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం, 1962 జకార్తాలో ఆసియా క్రీడల బంగారు పతకం వచ్చినప్పుడూ కోచ్ ఆయనే.

డబ్బు పోసి గెలిచాడంటారు. లివర్‌పూల్‌లో వాన్ డైక్‌కి, అలిసన్‌కి పెద్ద మొత్తాలే పెట్టారు, నిజం. కౌటిన్యోని బార్సిలోనాకి అమ్మిన డబ్బు కూడా అప్పుడే వచ్చింది. అదే జట్టులో కుడి వైపు అలెగ్జాండర్-ఆర్నాల్డ్ సొంత అకాడమీ పిల్లవాడు, ఎడమ వైపు రాబర్ట్‌సన్ కింది డివిజన్‌కి పడిపోయిన హల్ నుంచి వచ్చినవాడు.

ఏ క్లబ్బూ ఆయన్ని తీసేయలేదు. 2015 ఫిబ్రవరిలో డార్ట్‌మండ్ పట్టికలో అట్టడుగున ఉన్నప్పుడు కూడా. ఏప్రిల్లో ఆయనే వెళ్తానన్నారు, జట్టు ఏడో స్థానంలో ముగించింది. 2024 జనవరిలో లివర్‌పూల్‌లో శక్తి అయిపోతోందని చెప్పి, సీజన్ పూర్తి చేసి వెళ్లారు.

అంటే కోచ్‌ని ఎప్పుడూ మార్చకూడదని కాదు. పిల్లవాణ్ని కొట్టే కోచ్, అందరి ముందు కులం పేరుతోనో ఒళ్లు చూసో మాట అనే కోచ్, కాలికి వాపు ఉందన్నా ఫైనల్ కోసం ఆడించే కోచ్ అయితే కప్పులు ఎన్ని తెచ్చినా సరే, నెలాఖరు దాకా కూడా ఆగకండి. కట్టిన ఫీజు పోతే పోనివ్వండి. వాటిలో ఏదీ లేకుండా ఒక ఫైనల్ పోయిందనే మీరు కదులుతుంటే, ముందు ఒక పని చేయండి. ఒక రోజు ప్రాక్టీస్‌కి వచ్చి గట్టు మీద కూర్చోండి. ఆరు నెలల కిందట మీవాడు చేయలేని పని ఏది ఇప్పుడు చేస్తున్నాడో కోచ్‌ని అడగండి. ఆయన చూపించగలగాలి. మేము సోమ, బుధ, శుక్ర, శనివారాలు సాయంత్రం ఐదున్నరకు మొదలుపెడతాం. ఆ నాన్నకి కూడా ఫోన్‌లో ఇదే చెప్పాను, బుధవారం వస్తానన్నారు.