డాబా మీద పూత ఎందుకు చిరుగుతుంది

స్లాబ్ కారుతోంది, ఏ కోటింగ్ వేయించాలి అని ఎవరైనా అడిగితే నేను ముందు పగుళ్ళ గురించే అడుగుతాను. ఉన్నాయా? ఉంటే ఎండకీ చలికీ అవి తెరుచుకుని మూసుకుంటున్నాయా? చాలామందికి విసుగొస్తుంది, డబ్బా పేరు చెప్తే సరిపోయేదానికి ఈ ఆరాలన్నీ ఎందుకని. కానీ వాటర్‌ప్రూఫింగ్ పేరుతో అమ్మే సరుకుల్లో నీళ్ళు ఆపలేనిది దాదాపు ఉండదు. ఓ బకెట్ అడుగున పూసి చూస్తే అన్నీ పాసవుతాయి. తేడా కొట్టేది స్లాబ్ మీదకెక్కాకే.

ఎందుకంటే స్లాబ్ కుదురుగా ఉండదు. ఒక్క డిగ్రీ వేడెక్కితే మీటరు పొడవు కాంక్రీటు మిల్లీమీటరులో సుమారు వందో వంతు సాగుతుంది. ఇదీ ఒక లెక్కేనా అనిపిస్తుంది గానీ, 10 మీటర్ల స్లాబ్, 30 డిగ్రీల తేడా అంటే 3 మిల్లీమీటర్లు. ఆ కదలికలో ఎక్కువ భాగం ఉన్న పగుళ్ళ దగ్గరే పోగవుతుంది.

ఇప్పుడు ఒక పగులు దగ్గర కూర్చుని చూద్దాం. వెడల్పు 0.1 మిల్లీమీటరు, పైన గట్టిగా అతుక్కున్న పూత. మధ్యాహ్నానికీ తెల్లవారుజాముకీ మధ్య ఆ పగులు ఇంకో అర మిల్లీమీటరు తెరుచుకుందనుకోండి. పూత 300 శాతం సాగుతుందని డబ్బా మీద రాసుంది, అబద్ధం కాదు. కానీ అటూ ఇటూ కాంక్రీటుని పట్టుకుని ఉన్న పూతకి పెద్దగా సాగడం కుదరదు కదా, పగులు మీదున్న ఆ 0.1 మిల్లీమీటరు ముక్కే 0.6 అవ్వాలి, అంటే 500 శాతం. చిరిగిపోతుంది. (దళసరి పూత అయితే ఈ లాగుడు కొంచెం పక్కలకి సర్దుకుంటుంది, మధ్యలో ఫైబర్ మెష్ పెట్టేదీ అందుకే.) అదే పగులు పొడవునా 5 సెంటీమీటర్ల వెడల్పున, పై పూత కాంక్రీటుకి అంటుకోకుండా ముందుగా ఒక టేపు వేశారనుకోండి, ఆ అర మిల్లీమీటరుని 50 మిల్లీమీటర్ల పూత పంచుకుంటుంది. ఒక్క శాతం సాగితే చాలు! ఇంత చిన్న పనిని జనం ఎందుకు ఎగ్గొడతారో నాకు అర్థం కాదు.

డబ్బా పూతల్లో రెండో మోసం మందం. చదరపు మీటరుకి ఒక లీటరు పూస్తే సరిగ్గా ఒక మిల్లీమీటరు తడి పొర వస్తుంది, ఇది గుర్తుపెట్టుకుంటే ఎవరూ మిమ్మల్ని మాయ చేయలేరు. అందులో సగం నీరో సాల్వెంటో అయితే ఆరాక మిగిలేది అర మిల్లీమీటరు. లీటరుతో నాలుగు చదరపు మీటర్లు లాగించేస్తే మిగిలేది మిల్లీమీటరులో ఎనిమిదో వంతు, ఓ మోస్తరు పాలిథీన్ షీటంత. కాబట్టి ఎన్ని కోటింగులు వేశారని కాదు, ఎన్ని లీటర్లు అయిపోయాయని అడగండి.

ఇక రకాలు. సిమెంటు కలిసిన పూతలు చాలావరకు బిరుసు, పైన టైల్స్ వేసే చోట బాగుంటాయి గానీ కదిలే పగులు మీద నమ్మలేం. యాక్రిలిక్ ఎండకి బాగా తట్టుకుంటుంది, తెల్లది వేస్తే స్లాబ్ వేడీ తగ్గుతుంది, కానీ రోజుల తరబడి నీళ్ళు నిలిస్తే మెత్తబడి లేచొస్తుంది. డాబా మీద వాటం లేకపోతే, అంటే మీటరుకి కనీసం సెంటీమీటరు పల్లం కూడా లేకపోతే, దాని జోలికి పోవద్దు. నిలిచే నీళ్ళకి పాలీయురేథేన్ మేలు. సిలికోన్ కూడా నీళ్ళని లెక్కచేయదు గానీ రేపు దాని మీద మళ్ళీ సిలికోన్ తప్ప ఇంకేదీ సరిగా అంటుకోదు. మంటతో అతికించే తారు షీట్లు 3, 4 మిల్లీమీటర్ల మందం ఉంటాయి, అదే వాటి బలం. ఈపీడీఎం రబ్బరు షీటు నల్లగా ఉండేది కార్బన్ బ్లాక్ వల్ల, ఎండలోని అతినీలలోహిత కిరణాల నుంచి రబ్బరుని కాపాడేది అదే. పీవీసీ షీటుని మాత్రం పాత తారు మీద నేరుగా పరచకండి. దాన్ని మెత్తగా ఉంచే ప్లాస్టిసైజర్‌ని తారు లాగేసుకుంటుంది, షీటు బిరుసెక్కి పగులుతుంది.

ఏది ఎంచుకున్నా తడి స్లాబ్ మీద తొందరపడొద్దు. మేము పడ్డాం. వాన తగ్గిన రెండో రోజే పూత వేయించాం, నాలుగు రోజులు ఎండ కాసేసరికి డాబా అంతా బుడగలే. నీటి ఆవిరి పీడనం 20 డిగ్రీల దగ్గర 2.3 కిలోపాస్కల్స్, 60 డిగ్రీల దగ్గర దాదాపు 20. స్లాబ్‌లో చిక్కుకున్న చెమ్మకి పైకి తోసే బలం అక్కడిదే. అరమీటరు ప్లాస్టిక్ షీటు ముక్కని నాలుగు వైపులా టేపుతో అంటించి, ఓ 16 గంటలాగి లేపి చూడండి. కింద నీటి చుక్కలుంటే ఇంకా ఆగాలి.

పిట్టగోడ దగ్గర పూతని నేల దగ్గరే ఆపేస్తే డబ్బు దండగ. 0.1 మిల్లీమీటరు సందులో నీళ్ళు తమంతట తామే దాదాపు 15 సెంటీమీటర్లు పైకి పాకగలవు. మూలని గుండ్రంగా సిమెంటుతో నింపి, పూతని గోడ మీదికి కనీసం 15 సెంటీమీటర్లు ఎక్కించి, పై అంచుని సీల్ చేయాలి. పైపుల చుట్టూ కూడా అంతే.

అంతా ఆరాక, మేస్త్రీకి పూర్తి డబ్బులిచ్చే ముందే, తూములు మూసి 48 గంటలు నీళ్ళు నిలబెట్టండి. 5 సెంటీమీటర్ల నీళ్ళంటే చదరపు మీటరుకి 50 కిలోల బరువు, పాత స్లాబ్ అయితే ఇంజనీరుని అడిగాకే. కింద చెమ్మ కనపడితే సరిగ్గా దాని పైనే కన్నం ఉంటుందనుకోకండి, నీళ్ళు స్లాబ్ లోపల ఎటో పాకి ఎక్కడో దిగుతాయి. డాబాని చిన్న కట్టలతో భాగాలు చేసి, పల్లం వైపు నుంచి మొదలుపెట్టి ఒక్కో భాగంలో నీళ్ళు నిలబెడుతూ రండి, దొంగ దొరుకుతాడు.