టీవీ కామెడీ రైటర్, ప్రొడ్యూసర్: అపోహలు, వాస్తవాలు

ఇక్కడ చెప్పేదంతా అమెరికన్ సిట్‌కామ్ (అరగంట కామెడీ సీరియల్) పద్ధతి గురించి.

అపోహ: ప్రొడ్యూసర్ అంటే డబ్బు పెట్టేవాడు.

పెట్టుబడి స్టూడియోది. స్టాఫ్ రైటర్‌గా చేరినవాళ్లు స్టోరీ ఎడిటర్, కో-ప్రొడ్యూసర్, ప్రొడ్యూసర్, సూపర్‌వైజింగ్ ప్రొడ్యూసర్ అంటూ మెట్లెక్కుతారు. హోదా మారినా పని చాలావరకు రాతే. పైకి వెళ్లేకొద్దీ నటుల ఎంపిక, ఎడిటింగ్, బడ్జెట్ కూడా నెత్తిన పడతాయి. టైటిల్స్‌లో ప్రొడ్యూసర్లుగా పడే పేర్లలో చాలామంది రైటర్లే.

అపోహ: జోకులు పేలితే చాలు.

జోకు ఆఖర్న చేసే పని. అరగంట స్లాట్‌లో ప్రకటనలు పోగా మిగిలేది దాదాపు 22 నిమిషాలు. ఎవరికి ఏం కావాలి, ఎవరు అడ్డుపడుతున్నారు అన్నది రైటర్లంతా కూర్చునే గదిలో బోర్డు మీద తేలకుండా డైలాగులకు దిగితే కథ మధ్యలోనే చతికిలబడుతుంది. ఆ పైన ఎన్ని జోకులు చల్లినా లేవదు.

ఇక జోకును ఎక్కువగా చంపేది మాటల వరస. "నెల నుంచీ డైటింగ్ అంటున్నాడు గానీ ఒక్క పూటే చేశాడు" అన్నామనుకోండి. నవ్వు రావాల్సింది "ఒక్క పూట" దగ్గర. దాని మీద "చేశాడు" వచ్చి కూర్చుంది. తెలుగు వాక్యం క్రియతో ముగుస్తుంది కాబట్టి మనకు ఈ తిప్పలు మరీ ఎక్కువ. "నెల నుంచీ డైటింగ్ అంటున్నాడు. చేసింది ఒక్క పూట." అక్కడితో ఆపేయాలి. చివర్లో "పాపం" అని తగిలించినా నవ్వు తెగిపోతుంది.

అపోహ: స్క్రిప్టు మీద పేరున్నవాళ్లే అంతా రాస్తారు.

మొదటి డ్రాఫ్టు వాళ్లది. తర్వాత గదిలో అందరి చేతులూ పడతాయి. ప్రేక్షకుల ముందు తీసే షోకి వారమంతా ఇదే పని: టేబుల్ రీడ్ (నటులు కూర్చుని స్క్రిప్టు చదవడం), రిహార్సల్స్, రన్‌త్రూలు (ఎపిసోడ్ మొత్తం ఆడి చూడటం), కెమెరా బ్లాకింగ్ (నటులు, కెమెరాలు ఎక్కడుండాలో తేల్చడం), చివరికి షూటింగ్. ప్రతి రన్‌త్రూ అయ్యాక రాత్రి తిరగరాత. తరచూ జరిగే పొరపాటు ఒకటుంది: సోమవారం అందరూ పగలబడి నవ్విన జోకు గురువారానికి పాతబడినట్టు అనిపించి కొట్టేస్తారు. విసుగు పుట్టింది గదిలోవాళ్లకి. ప్రేక్షకులు దాన్ని ఇంకా విననే లేదు! షూటింగ్ రాత్రికి అనుమానమున్న ప్రతి జోకుకీ మారు లైన్లు సిద్ధంగా ఉంచుకుంటారు. మొదటి టేకులో తుస్సుమంటే, రెండో టేకుకి కొత్త లైను నటుడి చేతికి వెళ్తుంది.

అపోహ: నవ్వులన్నీ డబ్బాలోంచి వచ్చినవే.

1950ల్లో చార్లీ డగ్లస్ తయారుచేసిన, రికార్డు చేసిన నవ్వులు వినిపించే యంత్రం వల్ల వచ్చిన చెడ్డపేరిది. 1951లో మొదలైన 'ఐ లవ్ లూసీ'ని ప్రేక్షకుల ముందే, మూడు ఫిల్మ్ కెమెరాలతో తీశారు. మాయ అసలు లేదనీ కాదు. రెండో టేకుకి నవ్వు పలచబడితే, మొదటి టేకు నవ్వును దాని కింద అతికిస్తారు.

అపోహ: ఒకసారి గదిలో కాలు పెడితే ఇక ఢోకా లేదు.

షో రద్దయితే మళ్లీ వేట మొదలు. 22 ఎపిసోడ్ల సీజన్లు చాలాచోట్ల 8, 10కి పడిపోయాయి. పని వారాలూ తగ్గాయి. 2023లో రైటర్లు 148 రోజులు సమ్మె చేసి గదిలో కనీసం ఎంతమంది ఉండాలన్న నిబంధన సాధించుకోవడానికి ఇదీ ఒక కారణం. అందుకే ఉద్యోగంలో ఉన్నప్పుడే సొంత పైలట్ (కొత్త షో మొదటి ఎపిసోడ్) స్క్రిప్టు ఒకటి సిద్ధం చేసుకోవాలి. సింగిల్ కెమెరా షో (ప్రేక్షకులు లేకుండా, సినిమాలా తీసేది) అయితే 30-35 పేజీలు. మొదటి ఐదు పేజీల్లో కథ కదలకపోతే ఆరో పేజీ తిప్పరు.